భానుమతి సున్నపుకాయ

నాలుగు గింజలు తీసి బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య నలిపాడు బ్రహ్మయ్య. మూడింటి పొట్టు జారిపోయింది. నాలుగోది మొండికేసింది. తొట్టి మూతకి ఎర్రదారంతో వేలాడుతున్న ఇత్తడి పుల్లని సున్నపు నీళ్ళలో ముంచి నాలిక చివర తాకించుకున్నాడు. చురుక్కుమంది కానీ కొరకలేదు. ఇక కడిగెయ్యొచ్చు.

జర్మనీలోని బ్యోబ్లింగెన్‌లో రైలుపట్టాల పక్కనున్న పాత గోదాములో శని, ఆదివారాలు మెక్సికో సంత నడుస్తుంది. రంగుకాగితాల తోరణాలు, ఎండుమిర్చి బస్తాలు, దేవతల బొమ్మలు, ఏడు కొట్లు. ఆరు కొట్లలో మెక్సికో వాళ్ళే ఉన్నారు. ఏడోదాంట్లో, మొక్కజొన్న టోర్టియాలు కాల్చే కొట్లో, రేపల్లె మనిషి బ్రహ్మయ్య ఉన్నాడు. టోర్టియా మన జొన్నరొట్టెకి దగ్గర చుట్టమే. కాకపోతే గింజని సున్నపు నీళ్ళలో ఉడకబెట్టి, నానబెట్టి, పొట్టు తీసి రుబ్బాలి. సున్నం తక్కువైతే పిండి అతకదు. ఎక్కువైతే నోరు పొక్కుతుంది.

రుబ్బేది తెరవెనక. అక్కడ మినప్పప్పు రుబ్బుకునే గ్రైండరు ఉంది. జనానికి కనిపించేలా ముందు పెట్టింది మాత్రం నల్లరాతి సన్నికల్లు. పదకొండింటికి పర్యటన వాళ్ళు వస్తారు. వాళ్ళొచ్చినప్పుడు తెర వేసి, గ్రైండరు ఆపి, బ్రహ్మయ్య ఆ సన్నికల్లు ముందు మోకాళ్ళ మీద కూర్చుని పొత్రంతో నూరాలి. అరవై మూడేళ్ళ మోకాళ్ళు. అదంతా కొట్టు యజమాని టిల్ ఏర్పాటు.

టిల్ చెడ్డవాడు కాదు. అదే బ్రహ్మయ్యకి కడుపుమంట. అరిచేవాడైతే తిరిగి అరవొచ్చు. టిల్ నవ్వుతాడు, కాఫీ తెచ్చిస్తాడు, పుట్టినరోజు గుర్తు పెట్టుకుంటాడు. రెండేళ్ళ కిందట, ఈ కొట్టు పెట్టిన మెక్సికో ఆవిడ లూపె పోయాక, ఆమె కూతురి దగ్గర ఈ కొట్టు కొన్నాడు. అప్పటినుంచి వారం వారం జనాన్ని కొట్టు కొట్టుకీ తిప్పి రుచులు చూపిస్తూ కథలు చెబుతాడు. మొదటివారమే బ్రహ్మయ్యకి పువ్వులు కుట్టిన చేతుల్లేని కోటు ఒకటి తొడిగి, "ఈయన దోన్ బ్రూనో" అన్నాడు జనంతో, మనం ‘గారు’ తగిలించినట్టు.

ఇవాళ తొమ్మిదింటికే వచ్చాడు. ఫోను తీసి చూపించాడు. పోయిన వారం వచ్చినవాళ్ళెవరో అయిదింటికి రెండు చుక్కలే ఇచ్చారు. తిండి బాగుందట, ముసలాయన మాట్లాడడట.

"ఒక్క మాట చాలు, బ్రూనో. ‘మాది మెక్సికోలో వహాకా, మా అమ్మమ్మ దగ్గర నేర్చుకున్నాను’ అను. అంతే. ఒకటో తారీకు నుంచి కొత్త కాంట్రాక్టు కదా, అందులో మాట్లాడే పని కూడా రాశాను."

"నేను వహాకా చూడలేదు."

"వాళ్ళూ చూడలేదు," అన్నాడు టిల్, నవ్వుతూ.

పింఛను రావడానికి ఇంకా మూడేళ్ళుంది. ఈ వయసులో ఇంకో చోట పని ఎవరిస్తారు? బ్రహ్మయ్య గింజలు కడగడం మొదలుపెట్టాడు. పొట్టు చేతివేళ్ళ సందుల్లోంచి పసుపుపచ్చగా పారిపోతోంది. చేతులు వాటి పని అవి చేసుకుంటున్నాయి. దవడలు మాత్రం బిగుసుకుపోయాయి.

పేరు పోవడం ఆయనకి కొత్త కాదు. వంటవాడి వీసా మీద ఈ దేశంలో దిగినప్పుడు పంజాబీ హోటలు యజమాని తలపాగా చేతికిచ్చి, "ఇవాళ్టి నుంచి నువ్వు సింగువి" అన్నాడు. తెనాలి హోటళ్ళలో పెసరట్లు పోసిన చెయ్యి ఎనిమిదేళ్ళు తందూరు ముందు కాలింది. భార్య భానుమతి వచ్చిన కొత్తలో ఆ తలపాగా చూసి పడీపడీ నవ్వింది. రాత్రి పక్కకి తిరిగి పడుకుని ఏడ్చింది. అదీ ఆయనకి వినబడింది.

ఆ హోటలు మూతపడ్డ ఏడాది లూపె కనిపించింది. వారపు సంతలో బల్ల మీద విరిగిపోయిన టోర్టియాలు పెట్టుకుని, వచ్చీరాని జర్మన్‌లో తనని తాను తిట్టుకుంటోంది. భానుమతి ఒక తునక నోట్లో వేసుకుని, "ఏవండీ, దీనికి సున్నం చాల్లేదు" అంది. చీరకుచ్చెళ్ళ దగ్గర దోపుకున్న ఇత్తడి సున్నపుకాయ తీసి లూపె చేతిలో పెట్టింది. తమలపాకు తినే మనిషి. స్టుట్‌గార్ట్‌లో తమిళుల కొట్టు నుంచి ఆకులూ, మంచి సున్నమూ తెప్పించుకునేది. మర్నాటికి లూపె పిండి అతికింది. అక్కణ్ణించి పంతొమ్మిదేళ్ళుగా బ్రహ్మయ్య ఆమె కొట్లోనే.

లూపె మొదటిరోజే ఆయన పేరు అడిగింది. నోరు తిరిగేదాకా నాలుగుసార్లు చెప్పించుకుని, "బ్రమ్మయ్యా" అని సాగదీసి పిలిచేది. సున్నపుకాయ గొలుసు తెగితే, దాని పుల్ల ఎక్కడ పోతుందోనని ఎర్రదారంతో తొట్టి మూతకి తనే ముడి వేసింది. ఆరేళ్ళ కిందట భానుమతి పోయినప్పుడు, మునిసిపాలిటీ ఆఫీసులో ఆమె పేరు ఒక్కొక్క అక్షరం అడిగి రాసుకున్న గుమస్తా ఒకామె ఉంది. రాసి, కాగితం తిప్పి చూపించి, "సరిగ్గా ఉందా?" అని అడిగింది. ఈ దేశం మీద కోపం వచ్చినప్పుడల్లా బ్రహ్మయ్య ఆ గుమస్తాని గుర్తు చేసుకుంటాడు. ఇవాళ అదీ పని చెయ్యలేదు.

పదకొండింటికి జనం వచ్చారు. పదకొండు మంది. చెవిపోగులు పెట్టుకున్న ఇద్దరు ముసలమ్మలు, ఆఫీసు స్నేహితుల గుంపు ఒకటి, వెనకాల ఒక మొగుడూ పెళ్ళామూ, ఏడేళ్ళ పిల్లా. ఆ మొగుడు నోరు విప్పగానే బ్రహ్మయ్య చేతిలో పొత్రం ఆగింది.

"ఛాయా, ఆయన్ని చూడు. మా పెద్దపల్లి మామ లెక్కనే ఉన్నడు. గదే మీసం, గదే కోపం మొకం."

"మెల్లగ అనుండి, ఇంటడు."

"ఇంటే ఏమర్థమైతది? మెక్సికోల తెలుగు నేర్పుతరా?"

"పపా, ఎర్ హైస్ట్ బ్రూనో," అంది పిల్ల. ఆయన పేరు బ్రూనో అని జర్మన్‌లో తండ్రికి దిద్దుబాటు చెప్పింది.

"ఈషా, నువ్వాగు. ఛాయా, ఈ వయసుల మోకాళ్ళ మీద కూసొని రుబ్బుడంటే పాపం గదా. కొడుకులు లేరేమో."

బ్రహ్మయ్య తల ఎత్తలేదు. ఇరవై ఏడేళ్ళుగా ఆయన తెలుగువాళ్ళ పండగలకి వెళ్ళలేదు. బ్లూకార్డుల మీద పెద్ద ఉద్యోగాలకి వచ్చినవాళ్ళ మధ్య వంటవాడి వీసా గురించి చెప్పుకోవడం ఇష్టంలేక. అలా తప్పించుకు తిరిగిన మనిషి ఇప్పుడు పూలకోటు తొడుక్కుని వాళ్ళ కాళ్ళ ముందు మోకాళ్ళ మీద ఉన్నాడు. పైగా జాలి. పొత్రాన్ని రాతికేసి ఒక్క తోపు తోశాడు. పిండి చిట్లి ముసలమ్మ బూటు మీద పడింది. ఆమె వంగి, వేలితో తుడిచి, నోట్లో పెట్టుకుని, "బాగుంది" అంది. ఇంకోరోజైతే ఆయనకి నవ్వు వచ్చేది.

అప్పుడు టిల్ బల్ల కింద చెయ్యి పెట్టాడు. పైకి తీసింది సున్నపుకాయ.

భానుమతి పోయాక బ్రహ్మయ్య దాన్ని రోజూ ఇంటినుంచి జేబులో తెచ్చుకుని, గుడ్డలో చుట్టి, అక్కడ పెట్టుకుంటాడు. ఇన్నాళ్ళూ టిల్ దాన్ని ముట్టుకోలేదు.

"ఇది చూడండి," అన్నాడు టిల్ గొంతు తగ్గించి. "లూపె వాళ్ళ అమ్మమ్మది. ఆ కాలంలో పూజల్లో వాడే పాత్ర. వాళ్ళ ఊరి గుహలో దొరికే సున్నం ఇందులోనే దాచేవాళ్ళు." దాన్ని గుంపులోకి అందించాడు. ఒక చేతి నుంచి ఇంకో చేతికి వెళ్ళింది. ఎవరో మూత తీసి వాసన చూశారు. ఎవరో ఫొటో తీసుకున్నారు. చివరికి ఛాయాదేవి చేతికి వచ్చింది.

ఆమె తిప్పి చూసింది. మూత కీలు గోటితో తడిమింది. "ఏమండీ, గిది సున్నప్కాయ! మా బాపమ్మ తాన అచ్చం గిట్లాంటిదే ఉండె. మూత మీద గీ చక్రం జూడుండి. గిది మెక్సికోది ఎట్లయితది?"

ఆమె భర్త జగన్మోహన్ నవ్వాడు. "ప్రపంచమంతా ఒక్కటేరా అంటరు గదా. ఆళ్ళూ ఆకులు తినేటోళ్ళేమో."

టిల్‌కి మాటలు అర్థం కాలేదు కానీ ఆమె మొహంలో ఉత్సాహం కనిపించింది. ఇదే అదననుకున్నాడు. "బ్రూనో, మీరే చెప్పండి. ఇది ఎవరిది?"

పదకొండు జతల కళ్ళు. బ్రహ్మయ్య బల్ల పట్టుకుని లేచాడు. మోకాళ్ళు ఒకదాని తర్వాత ఒకటి చప్పుడు చేశాయి. ముందు జర్మన్‌లో చెప్పాడు. ఈ దేశంలో అంత స్పష్టంగా ఆయన ఎప్పుడూ మాట్లాడలేదు.

"నా భార్యది. ఆమె పేరు భానుమతి. నా పేరు బ్రహ్మయ్య. మాది ఇండియా."

తర్వాత ఛాయాదేవి వైపు తిరిగాడు. "మాది రేపల్లె, అమ్మా. సున్నం చేతికి అంటుకుంటుంది, మూత పెట్టు."

ముసలమ్మల్లో ఒకామె చప్పట్లు కొట్టింది. ఆఫీసు గుంపూ కొట్టింది. అదీ ఆటలో భాగమే అనుకున్నారు. చప్పట్లు వింటుంటే బ్రహ్మయ్యకి తొట్టెత్తి వాళ్ళమీద కుమ్మరించాలనిపించింది. నిజం చెబితే కూడా టిక్కెట్టు కొన్న వేడుకేనా?

చప్పట్లు కొట్టనిది ఆ ముగ్గురే. ఛాయాదేవి రెండు చేతులతో సున్నపుకాయని ఆయనకి అందించింది. "తప్పయింది, పెద్దనాయినా. నోటికొచ్చింది మాట్లాడినం."

జగన్మోహన్ మొహం కందిపోయింది. "అంకుల్, మనోళ్ళని తెల్వక... మీకిష్టమైతే నేను కంప్లైంట్ రాస్త. ఈ వయసుల గిట్లాంటి పని..."

"ఏమీ రాయొద్దు బాబూ," అన్నాడు బ్రహ్మయ్య కరుగ్గా. "పని మంచిదే. పేరే నాది కాదు."

పిల్ల ఆయన్నే చూస్తోంది. పెదవులు కదుపుతోంది. "బ్ర... మ్మయ్య," అంది చివరికి. సరిగ్గా అంది. ఆకలేస్తోందని కూడా అంది.

బ్రహ్మయ్య పెనం దగ్గరికి నడిచాడు. పదకొండు టోర్టియాలు ఒత్తి కాల్చాడు. ప్రతిదీ పెనం మీద పూరీలా పొంగింది. కోపంగా ఉన్న చేతుల కింద కూడా పిండి బుద్ధిగానే ఉంది. మొదటిది పిల్లకి ఇచ్చాడు.

జనం పక్కకొట్టుకి కదిలాక టిల్ తెరవెనక్కి వచ్చాడు. ఇప్పుడూ అరవలేదు. "నువ్వు నన్ను ఇబ్బందిలో పెట్టావు," అన్నాడు. "వాళ్ళు ఇక్కడికొచ్చేది మెక్సికో కోసం. కొత్త కాంట్రాక్టు ఇలా కుదరదు, బ్రూనో."

"కుదరదు," అన్నాడు బ్రహ్మయ్య. "లూపె ఉంటే ఆ గుహ కథ విని నీ చెంప పగలగొట్టేది."

పూలకోటు విప్పి కొక్కేనికి తగిలించాడు. సున్నపుకాయని గుడ్డలో చుట్టి జేబులో వేసుకున్నాడు. రేపటికని ఉడకబెట్టిన గింజ తొట్టిలో పొగలు కక్కుతోంది. దాని అంచు మీద చెయ్యి వేశాడు. ఒక్క తోపు తోస్తే చాలు, నేలంతా మొక్కజొన్న. రేపు పొద్దున ఈ కొట్టు ముందు నవ్వుతూ నిలబడి టిల్ ఏం కథ చెబుతాడో చూడొచ్చు. చెయ్యి అక్కడే చాలాసేపు ఉంది.

"టిల్."

"ఏమిటి?"

"ఈ గింజ పొద్దున ఆరింటికి తియ్యి. ఏడు దాటితే జిగురైపోతుంది. మూడుసార్లు కడుగు. నాలుగు గింజలు నలిపి చూస్తే మూడింటి పొట్టు పోవాలి. నాలుగూ పోతే ఆలస్యమైనట్టు." తొట్టి మీద మూత పెట్టి, మళ్ళీ అన్నాడు. "నీకోసం చెప్పట్లేదు. గింజ పాడవుతుందని చెబుతున్నాను."

టిల్ తల ఊపాడు. ఏదో రాసుకోవడానికి ఫోను తీశాడు. అప్పుడే బయటినుంచి ఎవరో పిలిస్తే వెళ్ళిపోయాడు.

మూతకి వేలాడుతున్న ఇత్తడి పుల్ల దగ్గర బ్రహ్మయ్య ఆగాడు. అదీ భానుమతిదే. ముడి విప్పబోయాడు. లూపె వేసిన ముడి, రెండు చుట్లు చుట్టి, తడిసి, సున్నం పట్టి రాయిలా ఉంది. గోరు దిగలేదు. కత్తి చేతికి అందేంత దూరంలోనే ఉంది. కత్తిని చూశాడు, ముడిని చూశాడు. అది లూపె చేతి ముడి. చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

మిర్చికొట్టు ఆమె అడ్డం వచ్చి, ఏమీ అడక్కుండా, కాగితంలో రెండు జామపండ్లు చుట్టి ఆయన సంచిలో వేసింది. వెనక తలుపు తీసుకుని బ్రహ్మయ్య బయటికి నడిచాడు. పక్కన పట్టాల మీద స్టుట్‌గార్ట్ వెళ్ళే రైలు ఆగి ఉంది.

మర్నాడు ఆరింటికి తొట్టి మూత తీసినవాళ్ళు ముందుగా చూసింది ఎర్రదారానికి వేలాడుతున్న వేలెడంత ఇత్తడి పుల్లని, చివర సున్నం తెల్లగా ఎండిపోయి ఉన్నదాన్ని.