మూకీలో అమ్మాయి

"ఇంకో వాయి వెయ్యి నజ్మీన్, పిల్లలు ఆకలి మీదున్నారు," అని హాల్లోంచి ముస్తాక్ కేకేశాడు. వారమంతా బళ్లో పాఠాలు చెప్పి, ఆదివారం మా ఆయన సినిమా క్లబ్బుకు మిరపకాయ బజ్జీలు వెయ్యడం నా పని. ఆయన నరసరావుపేటలో ఇంగ్లీషు లెక్చరర్. కాలేజీ పిల్లల్ని ఇంటికి పిలిచి గోడ మీద పాత సినిమాలు చూపిస్తాడు. ఆయన స్నేహితుడు నజీర్, పత్తి వ్యాపారి, ప్రతివారం వచ్చి సోఫాలో కూర్చుంటాడు.

ఆ రోజు వేసింది వందేళ్ల నాటి మూకీ కామెడీ. చెరువుగట్టున ఒక అమ్మాయి కోసం ఇద్దరు కొట్టుకుంటున్నారు. ఒకడు రెండోవాణ్ణి నీళ్లలోకి తోసి అమ్మాయి చెయ్యి పట్టుకుంటాడు. వాడు లేచొచ్చి వీణ్ణి తోసి అదే చెయ్యి పట్టుకుంటాడు. ఎవడు లాగితే అటు, నవ్వుతూ వెళ్తుంది ఆ పిల్ల. హాలంతా ఒకటే నవ్వు.

"మా కథా ఇంతేరా," అన్నాడు ముస్తాక్. "నేనూ వీడూ నజ్మీన్ కోసం క్యారమ్స్ ఆడాం. రెడ్ కాయిన్ ఎవడు వేస్తే పిల్ల వాడిది. వీడు ఓడిపోయి తప్పుకున్నాడు."

"స్ట్రైకర్ జారింది, లేకపోతేనా," అన్నాడు నజీర్ బజ్జీ నములుతూ. నూనె వేళ్లు నా సోఫా గుడ్డకు తుడుచుకున్నాడు.

పళ్లెంతో గుమ్మంలోనే నిలబడిపోయాను. పెళ్లికి ముందు నేను ఇష్టపడింది నజీర్‌ని. ఆ సంగతి అతనికీ తెలుసు. ఉన్నట్టుండి మాట్లాడ్డం మానేశాడు, ఎదురొస్తే తల తిప్పుకునేవాడు. నేనేం తప్పు మాట్లాడానో, నా రంగు నచ్చలేదో, మా నాన్న సైకిల్ షాపు చూసి వెనక్కి తగ్గాడో అని ఎంత ఏడ్చానో. తర్వాత ముస్తాక్ సంబంధం వస్తే, వచ్చినవాడే మేలని తలూపాను. అంత ఏడుపూ ఒక చెక్క బిళ్ల కోసమా? ఇన్నేళ్లూ వీళ్లిద్దరి ఎంగిలి పళ్లాలు కడిగిన నా చేతులు చూసుకుంటే నాకే రోత పుట్టింది.

చాప మీద కూర్చున్న ఫెబా అనే అమ్మాయి అడిగింది. "మరి ఆ అమ్మాయికి ఎవరంటే ఇష్టం సార్?"

"మూకీ కదమ్మా, తనకు మాటలుండవు," అన్నాడు ముస్తాక్. మళ్లీ నవ్వులు.

"నన్నడుగు ఫెబా," అన్నాను. "అప్పుడు నజీర్ అంటే ఇష్టం. ఇప్పుడు ఇద్దరంటే అసహ్యం."

నజీర్ నమలడం ఆపేశాడు. ముస్తాక్ గొంతు తగ్గించి, "పిల్లల ముందు ఏంటా మాటలు?" అన్నాడు.

"పిల్లల ముందే కదండీ మీరూ చెప్పింది."

లోపలికెళ్లి పొయ్యి కట్టేశాను. బ్యాగులో నాలుగు చీరలు పెట్టుకున్నాను. సత్తెనపల్లిలో మా అక్క ఫాతిమా ఉంది, అక్కణ్ణుంచీ బడికి వెళ్లొచ్చు. హాల్లోకి వచ్చేసరికి పిల్లలు తలలు దించుకుని చెప్పులు వెతుక్కుంటున్నారు. ముస్తాక్ మొహం ఎర్రగా ఉంది. "నీకు ముందే తెలుసా? నిజం చెప్పరా," అని నజీర్‌ని నిలదీస్తున్నాడు.

బ్యాగుతో వాళ్ల మధ్య నుంచే వెళ్లాను. నన్నింకా ఎవరూ ఏమీ అడగలేదు.