పిట్ట ముట్టిన రోజు

కుర్మయ్య పోయి తొమ్మిది నెలలైందని రోజారాణి మాటల్లో అనేసరికి, సుచిత్ర చౌరస్తాలోని వకీలు చేతిలోని చాయ్ గ్లాసు బల్ల మీద పెట్టేశాడు.

"అప్పీలు ఎవరి మీద వేసినమమ్మా?"

"మా బావ మీదనే గద సార్."

"మరి గాయన సచ్చిపోతే నాకు చెప్పద్దా? మూడు నెలల్ల ఆయన జాగల కొడుకు పేరు ఎక్కియ్యాలె. లేకుంటే అప్పీలు దానంతటదే పోతది."

రోజారాణికి అర్థం కాలేదు. బావ పోయినా అలియాబాద్‌లోని ఎకరం ఎటూ పోలేదు కదా. అన్నదమ్ముల భూమిలో చనిపోయిన తన భర్త వాటా అది. కింది కోర్టు కుర్మయ్యదేనంటే నాలుగేళ్ల కింద పై కోర్టుకెక్కింది. చావింట్లో ఏడ్చి వచ్చి, ఆ చావును వకీలుకు మోసుకుపోవడం ఆమెకు తోచలేదు.

"ఇగ ఒక్కటే దారి. ఆయన పోయినట్టు నీకు మొన్నటిదాక తెల్వదని రాస్తం. సంతకం పెట్టు."

"ఇంటి మనిషి సావు తెల్వదంటె ఎవరు నమ్ముతరు సార్?"

"మాటల్లేవు, రాకపోకల్లేవు అంటం. భూమి కావాల్నా, వద్దా?"

ఆమె సంతకం పెట్టింది.

రెండు నెలల తర్వాత కోర్టులో, కుర్మయ్య కొడుకు అన్వేష్ తరఫు వకీలు ఒక వీడియో చూపించాడు. చావైన మూడో రోజుది. పొలం గట్టు మీద విస్తరిలో బువ్వ, కోడికూర. పోయినవాడు కాకై వచ్చి తినాలి. ఎంతసేపైనా కాకి దిగలేదు.

"పిట్ట ముడ్తలేదు. ఆయన మనసుల ఏదో ఉన్నది," అంటోంది ఒక ముసలామె.

అప్పుడు రోజారాణి ముందుకొచ్చి చేతులు జోడించింది. "బావా, భూమి లొల్లి మనసుల పెట్టుకోకు. తినిపో."

కాకి వచ్చి ముట్టింది. వీడియోలో అందరూ ఏడుస్తున్నారు, ఆమె కూడా.

జడ్జి ఆ వీడియో రెండుసార్లు చూశారు. ఆమె సంతకం పెట్టిన కాగితం చూశారు. ఆలస్యాన్ని మన్నించడం కుదరదని అప్పీలు కొట్టేశారు. భూమి ఎవరిదని ఆ గదిలో ఎవరూ అడగలేదు.

బస్సు కోసం నిలబడితే అన్వేష్ కారు ఆపాడు.

"ఎండల ఏం నిలవడ్తవ్ చిన్నమ్మా? ఎక్కు, ఇంటికాడ దింపుత."

ఆమె ఎక్కింది. శామీర్‌పేట దాటాక అడిగింది.

"గా వీడియో ఎవరు తీసిన్రు బిడ్డా?"

"నేనే. కోర్టు కోసం తియ్యలె చిన్నమ్మా. నువ్వు పిలిస్తె నాయిన వచ్చిండని... మస్తుసార్లు జూసుకున్న." అన్వేష్ గేరు మార్చాడు. "వచ్చే నెల సంవత్సరీకం. నువ్వు లేకుంటె పిట్ట ముట్టదని అమ్మ పరేషాన్ అయితాంది. వస్తవా?"

కారు ఆ ఎకరం పక్కనుంచి పోతోంది. ప్లాట్ల హద్దు రాళ్ల కోసం అప్పటికే గుంతలు తవ్వుతున్నారు. రోజారాణి అటునుంచి తల తిప్పుకోలేదు.

"వస్త," అంది.