పూతనెల పన్నెండో రోజు

నేను ఒక కాలచక్రాన్ని. టేకు చెక్కతో పుట్టాను. బండి చక్రమంత ఉండేదాన్ని. ఇప్పుడు ఎంత మిగిలానో చివర్లో చెబుతాను.

మా జంటచంద్రుల సీమలో పెద్ద చంద్రుడికి ఇరవై ఏడు రోజులకో పున్నమి, అది నెల. చిన్న చంద్రుడికి తొమ్మిది రోజులకో పున్నమి, అది వారం. నెలలు పదమూడు. మొత్తం మూడు వందల యాభై ఒక్క రోజులు, రోజుకో బెజ్జం. రోజూ పొద్దున్నే చావడి కాపరి ఇత్తడి మేకును ఒక బెజ్జంలోంచి తీసి పక్కదాంట్లో పెడతాడు.

నన్ను చెక్కింది వడ్రంగి పోతులయ్య. ఆ ఏడే పూతనెల పన్నెండో రోజున అతని భార్య కూతుర్ని కని కన్నుమూసింది. అందుకే ఆ బెజ్జాన్ని మాత్రం మళ్ళీ మళ్ళీ నూనె రాసి నున్నగా చేశాడు. కూతురికి మాచమ్మ అని పేరు పెట్టుకున్నాడు.

మా సీమలో మనిషికి ఏళ్ళు వాటంతటవి రావు. పుట్టినరోజు బెజ్జంలో మేకు పడగానే కాపరి ఆ మనిషిని పేరు పెట్టి పిలవాలి. "ఉన్నాను" అని బదులిస్తేనే ఒక ఏడు పెరిగినట్టు. ఎవరిని వాళ్ళు పిలుచుకుంటే చెల్లదు. పదహారు పిలుపులయ్యాక మనిషి పెద్దయినట్టు లెక్క. అప్పుడే పనిముట్టు పట్టాలి, అప్పుడే చావడిలో నోరు విప్పాలి. మాచమ్మకేమో ఉలంటే ప్రాణం. ఇంటి గచ్చు నిండా బొగ్గుతో చక్రాలు గీసేది, ఎప్పుడు పదహారొస్తాయా అని వేళ్ళు మడిచేది.

పదిహేనో పిలుపు అయిన రోజే మా రాజుగారు యుద్ధంలోంచి పారిపోయి వచ్చారు. ఓడినవాడు సిగ్గుపడాలి గాని, ఇదెక్కడి చోద్యమండీ, రోజు మీద పగబట్టాడు! పూతనెలలో పన్నెండో రోజు లేనే లేదనీ, పదకొండు తరవాత పదమూడేననీ ఆజ్ఞ వచ్చింది. బెజ్జం పూడ్చే పని చెక్కినవాడికే అప్పగించారు.

"అయ్యా, అది నా బిడ్డ పుట్టిన రోజు" అన్నాడు పోతులయ్య.

"ఏ రోజు? అట్లాంటి రోజే లేదని చెప్తుంటే" అన్నాడు అధికారి.

పోతులయ్య పనిముట్ల సంచి విప్పాడు. చేవగల చెక్కముక్క కోసి బెజ్జంలో బిగించి, పైన చిత్రిక పట్టాడు. నాకు నొప్పి పుట్టిందో లేదో ఎవరూ అడగలేదు, సరే. ఆ రోజున పుట్టినవాళ్ళు ఊళ్ళో మరో ముగ్గురున్నారు. అందరికీ పదహారు ఎప్పుడో దాటాయి కనక కిమ్మనలేదు. అందులో ఒక ముసలాయనైతే ఇక ముసలితనం పెరగదని సంతోషించాడు కూడా.

"నువ్వే బిగించావా నాన్నా?" అని అడిగింది మాచమ్మ.

"నేను కాకపోతే ఇంకొకరు బిగించేవాళ్ళమ్మా."

"ఇంకొకరు బిగించుంటే బాగుండేది."

ఆ తరవాత తండ్రీ కూతుళ్ళు ఒకే ఇంట్లో ఉన్నారు, అంతే. ఆమె ఉలి పట్టలేదు, పట్టనివ్వలేదు. తండ్రి పోయాక చావడి ఊడ్చే పని ఇచ్చారు. అది పిల్లల పని.

రాజు పోయాడు, కొడుకొచ్చాడు, మనవడొచ్చాడు. ఏటా ఒక రోజు మింగేయడంతో నా నెలలు ముందుకు జరిగిపోయాయి. ఎండలు మండే రోజులకు వాననెల అని పేరు పడింది. జనం నన్ను నమ్మి విత్తనాలు చల్లితే మాడిపోయాయి. ఆకాశమే లెక్క తప్పిందని పండితులు తేల్చేశారు. వాళ్ళ తెలివి తెల్లారినట్టే ఉంది! పూడిన బెజ్జం ఎందుకు పూడిందో మరిచిపోయి దానికి పసుపు కూడా రాశారు.

నాకు చెదలు పట్టాక ఇత్తడి చక్రం పోయించారు. నన్ను ముందు పెట్టుకుని ఉన్నదున్నట్టు దింపారు, ఆ పూడికతో సహా. నన్ను పెరట్లో పాత సామాన్ల కుప్పలో పడేశారు.

ఇవాళ కొత్త కాపరి, మీసాలు సరిగ్గా మొలవనివాడు, మాచమ్మను చూసి, "పొయ్యిలోకి పనికొస్తుంది, తీసుకుపో పిల్లా" అన్నాడు. డెబ్బై ఆరేళ్ళ మనిషిని! తప్పు అతనిది కాదు, లెక్క ప్రకారం ఆమెకు పదిహేనే.

ఇంటికి దొర్లించుకొచ్చి, తండ్రి తుప్పు ఉలి తీసింది. పొద్దంతా పట్టింది ఆ ముక్క ఊడిరావడానికి. పోతులయ్య పనిమంతుడు మరి. ఆమె గచ్చు మీద బొగ్గు గీతలు ఇన్నేళ్ళూ పెద్ద చంద్రుణ్ణి చూసి గీసినవే. ఒక్క రోజు కూడా తప్పలేదు. వాటి ప్రకారం ఇవాళ పూతనెల పన్నెండు. బెజ్జంలో వేలు పెట్టి కూర్చుంది. పిలిచేవాళ్ళు లేరు. ఆమె పేరు పదిహేనుసార్లు విన్నదాన్ని, పదహారోసారి నేనే పిలుద్దును. నోరేదీ?

చాలాసేపు చూసి, నన్ను ముక్కలు చేసి పొయ్యిలో పెట్టింది. అన్నం వండుకోవాలి కదా. ఇప్పుడు సగం కాలాను. మంట ఆ బెజ్జం దాకా వచ్చేసరికి చెక్క ఠప్పుమని పగిలింది.

బియ్యం కడుగుతున్న మాచమ్మ తలెత్తింది.

"ఉన్నాను" అంది.