స్టాండు మీది సైకిలు

సాయంత్రమైతే ప్రొద్దుటూరు బంగారు అంగళ్ల వీధిలో ఒక మేడ మెట్ల మీంచి వయసులో ఉన్న పిల్లలు ఒకరు కుంటుకుంటూ, ఒకరు మెడ పట్టుకుని, ఒకరు నడుం మీద చెయ్యేసుకుని దిగుతారు. కొత్తవాళ్లు చూస్తే ఆసుపత్రి అనుకుంటారు. కాదు, అది మెడికల్ కోడింగ్ ఆఫీసు.

అమెరికాలో రోడ్డు దాటుతూ కారు కింద పడినవాళ్లు, సైకిలు మీద పోతూ దెబ్బ తిన్నవాళ్లు, వాళ్ల డాక్టర్లు రాసిన కాగితాలన్నీ ఇక్కడికే వస్తాయి. ఏ ఎముక విరిగింది, ఏ పక్కది, ఎట్లా విరిగింది, అన్నిటికీ తలా ఒక కోడ్ ఉంటుంది. ఆ కోడ్లు చూసి అక్కడి ఇన్సూరెన్సువాళ్లు ఆసుపత్రి బిల్లు కడతారు. కోడ్ సరిగ్గా పడిందంటే ఆ మనిషి నొప్పి, కోడ్ పెట్టినవాళ్లకు వచ్చేస్తుంది. రోజంతా ఎన్ని కేసులు చేసినా ఆఖరి కేసు నొప్పే ఇంటిదాకా వస్తుంది. అది తెల్లారేదాకా ఉండి, ఎవరిది వాళ్లకు తిరిగిపోతుంది. ఆ కాసేపు అక్కడ ఆ మనిషి కంటినిండా నిద్రపోతాడు. తప్పు కోడ్ పెడితే మాత్రం ఏ నొప్పీ రాదు. అందుకే చక్కగా నడుచుకుంటూ దిగేవాళ్లను తోటివాళ్లు బాగా ఏడిపిస్తారు.

బుష్రాను రోజూ ఇంటికి దింపేది ఆటో నారాయణ.

"ఏంమ్మే, ఈపొద్దు ఏంది?"

"మోకాలు మామా, ఎడమది."

"నడిచేటోళ్లా, సైకిలోళ్లా?"

"నడిచేటోళ్లే."

"అట్లయితే కాలు సాపుకోని కూచో. ముందర గుంతలుండాయి."

బుష్రా పక్క సీటు యశ్వంత్‌ది. పోయినేడు అతను మణికట్టు విరిగిన ఒక కేసు చేసి ఇంటికి పోయాడు. ఆ రాత్రే అక్కడ ఆ మనిషి చనిపోయాడు. తెల్లారి లేచిన నొప్పికి తిరిగిపోవడానికి మనిషి లేడు. పాపం, అది ఎక్కడికి పోతుంది? యశ్వంత్ చేతిలోనే ఉండిపోయింది. ఆఫీసువాళ్లు అతని మౌసు ఎడమ పక్కకు మార్చారు, పని ఆగలేదు.

బుష్రా నాయన అల్లాబక్ష్ కత్తులకు సాన పట్టేవాడు. సైకిలుకు వెనక స్టాండు వేసి, సీటు మీద కూర్చుని పెడల్ తొక్కితే ముందర బిగించిన సానరాయి తిరిగేది. మాంసం కొట్టు కత్తుల నుంచి పెళ్లివంటల కత్తిపీటల దాకా ఈ చుట్టుపక్కల ఆయన చేతికి రానిది లేదు. ఆ సైకిలు మీదే జమ్మలమడుగు రోడ్డుకు పోయిన రోజు, సిమెంటు లారీ ఒకటి పక్కకు కోసుకొచ్చి గుద్దింది. తుంటి విరిగింది, పక్కటెముకలు విరిగాయి, లోపల ఇంకేవేవో చెడ్డాయి. కడపలో కొన్నాళ్లు ఉంచుకుని, ఇంక ఇంటికి తీసుకుపోండి అన్నారు. ఆ మాటకు అర్థం ఎవరూ విడమరిచి చెప్పలేదు, చెప్పక్కర్లేదు కూడా.

మంచం మీద అల్లాబక్ష్ తువ్వాలు పళ్ల మధ్య పెట్టుకుని కొరికేవాడు. మాత్రలు పని చేయడం మానేశాయి. భార్య దిల్షాద్‌బీ వచ్చి "ఎట్లుండాది?" అని అడిగినప్పుడు మాత్రం తువ్వాలు తీసి, "తక్కువే ఉండాదిలే" అనేవాడు.

ఆయన కేసు కోడింగ్‌కు ఏ ఆఫీసుకూ పోదు. ఆయన నొప్పి తీసుకునేవాళ్లు లోకంలో ఎవరూ లేరు. అమెరికావాళ్ల నొప్పులన్నీ మోసి, కన్న తండ్రి మూలుగు వింటూ అన్నం తినడం బుష్రా వల్ల కాలేదు. ఒక మధ్యాహ్నం సెలవు పెట్టి, మంచం పక్కన చాప వేసుకుని, కడప ఆసుపత్రి కాగితాలు ముందర పెట్టుకుని, ఆఫీసు ల్యాప్‌టాప్ తెరిచింది.

దిల్షాద్‌బీకి అర్థమైపోయింది.

"వద్దు మ్మే. ఆయప్ప ఈపొద్దో రేపో అన్నట్టుండాడు. పోతే అది నీకాడే ఉండిపోతాది. ఆ పిల్లోని చెయ్యి సూళ్లా నువ్వు?"

"సూసినామ్మా."

"బతుకంతా కుంటుతావా?"

"కుంటుతా."

దిల్షాద్‌బీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "నాకా సదువు వచ్చింటే నేనే తీసుకుందునే తల్లీ" అని ఏడ్చింది.

బుష్రా కోడ్లు కొట్టింది. కుడి తుంటి. పక్కటెముకలు. లోపలి దెబ్బలు. ఆఖరున, ఎట్లా జరిగింది అన్నచోట, లారీ గుద్దిన సైకిలు మనిషి అని పెట్టి పంపింది.

ఏమీ రాలేదు. నాయన మూలుగు అట్లాగే ఉంది. మళ్లీ పెట్టింది, మళ్లీ రాలేదు. ఇన్నేళ్ల అనుభవం ఏమైందో తెలియక ఆమెకు ఏడుపొచ్చింది.

"నాయనా, లారీ వచ్చేతలికి నువ్వు యాడికి పోతాంటివి?"

అల్లాబక్ష్ తువ్వాలు తీశాడు. "యాడికీ పోలేదు మ్మే. ఓటలు ముందర స్టాండేసుకోని కత్తికి సాన పడతాంటి." ఊపిరి తీసుకున్నాడు. "నా బతుకంతా తొక్కిందే, యాడికి పోయినా?"

అందరూ సైకిలు మీద ఉన్నాడు కాబట్టి పోతున్నాడనే అనుకున్నారు, కూతురితో సహా. స్టాండు మీది సైకిలు రోడ్డు మీద పోయే బండి కాదు, దాని మీద కూర్చుని పని చేసుకునేవాడు సైకిలు మనిషీ కాడు. కోడ్ల పుస్తకం లెక్కలో ఆయన రోడ్డువార ఉన్న నడిచే మనిషి. బుష్రా సైకిలు తీసేసి, లారీ గుద్దిన నడిచే మనిషి అని పెట్టింది. కన్నీళ్లు తుడుచుకుని పంపింది.

కుడి తుంటిలో కొరకంచు పెట్టినట్టయింది. ఊపిరి సగంలో ఆగింది. చాప మీద ఒరిగిపోయి, పక్కనున్న తువ్వాలు అందుకుని పళ్ల మధ్య పెట్టుకుంది. నాయన ఇంత నొప్పిని పెట్టుకుని "తక్కువే" అన్నాడా అని, నొప్పికన్నా దానికే ఎక్కువ ఏడ్చింది.

మంచం మీద అల్లాబక్ష్ మొహం తేటపడింది. టీ అడిగి తాగాడు. వంటింట్లోంచి కత్తిపీట తెప్పించుకుని అంచు మీద బొటనవేలు ఆనించి చూశాడు.

"ఏంది దిల్షాదూ, ఇంత మొద్దు జేసినావు?" అని భార్యను కసిరాడు. ఆమె నవ్వింది, పెళ్లయిన కొత్తల్లో నవ్వినట్టు. పొద్దు కుంకేదాకా ఇద్దరూ అవీ ఇవీ మాట్లాడుకున్నారు. తర్వాత ఆయన ఎంతో కాలంగా తిరగలేని కుడిపక్కకు తిరిగి, మోకాళ్లు ముడుచుకుని నిద్రపోయాడు. పక్క గదిలోకి పాక్కుంటూ పోయి పడుకున్న కూతురి సంగతి ఆయనకు ఎవరూ చెప్పలేదు.

తెల్లవారుజామున ఫజర్ అజాన్‌కు దిల్షాద్‌బీ లేపబోతే ఆయన లేవలేదు.

తెల్లారింది. బుష్రా తుంటిలో నొప్పి ఎక్కడిదక్కడే ఉంది.

ఇప్పుడు ఆమె కుంటుకుంటూ మెట్లు దిగితే ఆటో నారాయణ ఏమీ అడగడు. గుంతలు లేని వీధిలోంచి చుట్టు తిరిగి తీసుకుపోతాడు.

ఇంట్లో దిల్షాద్‌బీ నూనె వెచ్చచేసి తెచ్చి, కూతురి కాలు ఒళ్లో పెట్టుకుని రుద్దుతుంది. రుద్దుతూ రుద్దుతూ, ఆ తుంటి మీద అరచెయ్యి ఆపి, "ఎట్లుండాది?" అని అడుగుతుంది. ఆ అడగడం తనను కాదని బుష్రాకు తెలుసు.

"తక్కువే ఉండాదిలే" అంటుంది.