కట్టు విప్పే సీను

ఫెర్రుహ్ తన ఇరవయ్యేళ్ళ దర్శకత్వంలో పదకొండు మంది గుడ్డి అమ్మాయిలకు చూపు తెప్పించాడు. ఇస్తాంబుల్‌లో ఏ కళ్ళ డాక్టరుకూ అంత హస్తవాసి లేదు. చివరి రీల్లో డాక్టరు కట్టు విప్పుతాడు, వయొలిన్లు మోగుతాయి, హీరోయిన్ "అమ్మా, నాకు కనిపిస్తోంది!" అని అరుస్తుంది, హాల్లో ఆడవాళ్ళ చేతిరుమాళ్ళు తడిసి ముద్దయిపోతాయి.

ఇంటికొస్తే మాత్రం అక్క నిగార్ కిటికీ పక్కన కూర్చుని తడుముకుంటూ చిక్కుళ్ళు ఒలుస్తూ ఉండేది. ఆరేళ్ళప్పుడు జబ్బు చేసి చూపు పోయింది ఆవిడకి. తల్లి పోయాక తమ్ముణ్ణి పెంచి పెద్దచేసింది ఆవిడే. ఆవిడ చేతి కూడు తిని పెరిగినవాణ్ణి, ఊరందరికీ ఈ అబద్ధం అమ్ముకుంటున్నానే అని ఫెర్రుహ్‌కి లోపల పురుగు తొలుస్తుండేది. చచ్చేలోగా ఒక్క నిజమైన సినిమా తీయాలి, అందులో గుడ్డిపిల్ల గుడ్డిదిగానే ఉండి నెగ్గుకురావాలి, అది అక్క పక్కన కూర్చుని వినాలి. అతని కోరికల్లా అంతే.

అడ్డల్లా దక్షిణాన పత్తి పండే ఆదానా ఊరు. ఆ రోజుల్లో కథలు రాసేది రచయితలని పేరేగానీ, చెప్పేది ఊళ్ళలో సినిమాలాడించే పంపిణీదార్లు. ఆదానా పంపిణీదారు జుల్ఫికార్ మీసం దువ్వుకుంటూ తేల్చేశాడు.

"కళ్ళు రాకపోతే మా జనం కుర్చీలు విరగ్గొడతారు తమ్ముడూ. పగలంతా ఎండలో పత్తి ఏరుకొచ్చినవాళ్ళు. వాళ్ళనింకా ఏడిపిస్తావా?"

"ఏడిపించడం కాదన్నా, అది నిజం."

"నిజం కావాలంటే ఇంట్లోనే కూర్చుంటారు. టిక్కెట్టెందుకు?"

ఫెర్రుహ్‌కి ఒళ్ళు మండింది. "నేనే నిర్మాతనవుతా, అప్పుడెవడడుగుతాడో చూస్తా!" అని ఉన్నదంతా ఊడ్చి సినిమా మొదలెట్టాడు. హీరోయిన్ జుట్టు పొట్టిగా కత్తిరించాడు. తల్లిని మొదటి సగంలోనే చంపేశాడు. చివర డాక్టరు పెదవి విరుస్తాడు, పిల్ల చేతికర్ర పుచ్చుకుని ఒంటరిగా వెళ్ళి రొట్టె కొనుక్కొస్తుంది. జుల్ఫికార్ ఈసారి కిక్కురుమనకుండా రీళ్ళ పెట్టె తీసుకున్నాడు. "నీ మాటే నెగ్గింది తమ్ముడూ, కళాకారుడివి!" అన్నాడు. ఆ మాటకైనా అనుమానం రావద్దూ? రాలేదు. పొగడ్తకి లొంగని దర్శకుణ్ణి దేవుడింకా పుట్టించలేదు.

మొదటి ఆటకి అక్కని రైల్లో ఆదానా తీసుకొచ్చాడు. ఆరుబయట సినిమా. జనం దిండ్లు తెచ్చుకుని, పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతూ కూర్చున్నారు. తెరమీద డాక్టరు "ఇక ఆశ లేదమ్మా" అనేసరికి ఆ కొరికే చప్పుడు ఆగిపోయింది. ఫెర్రుహ్ అక్క చెయ్యి పట్టుకున్నాడు.

"ఇప్పుడు వినక్కా."

బొమ్మ ఒక్కసారి ఎగిరిపడింది. వయొలిన్లు మోగాయి. అదే డాక్టరు, అదే హీరోయిన్, అదే పూల కర్టెన్, కట్టు విప్పుతున్నాడు! నాలుగేళ్ళ కిందట ఫెర్రుహే తీసిన సినిమా ముక్క తెచ్చి అతికించేశాడు జుల్ఫికార్. కట్టు కిందినుంచి పిల్లకి నడుముదాకా జడ పెరిగింది. మొదటి సగంలో పాతిపెట్టిన తల్లి మంచం పక్కనే నిక్షేపంగా నిలబడి కన్నీళ్ళు కారుస్తోంది.

"అమ్మో, తల్లి కూడా బతికిందే!" అని వెనక ఒకావిడ కేకేసింది. జనమంతా లేచి చప్పట్లు. "అల్లా నిన్ను చల్లగా చూడాలి డాక్టరూ!"

ఫెర్రుహ్ గంతేసి లేచాడు. "ఆపండి! ఇది నా సినిమా కాదు! అంటే... నాదే, కానీ ఇది కాదు!" ఎవరు వింటారు? జుల్ఫికార్ వచ్చి వాటేసుకున్నాడు. "చూశావా తమ్ముడూ! నీ నిజానికేం ఢోకా లేదులే, డబ్బాలో దాచా."

ఫెర్రుహ్ కూలబడ్డాడు. ఏడుపు తన్నుకొచ్చింది.

"మోసం చేశారక్కా. ఆ పిల్లకి చూపు రాదు. నీకోసమే అలా తీశాను, నీ బతుకు చూపిద్దామని."

నిగార్ తలగుడ్డ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

"ఒరేయ్ పిచ్చి వెధవా, నా బతుకు నాకు తెలీదుట్రా? నీ సినిమాలన్నిటికీ ఎందుకొస్తున్నాననుకున్నావు? ఆ కట్టు విప్పే సీను కోసమేరా! ఇప్పుడు నువ్వది కూడా లేకుండా చేద్దామనుకున్నావా?"

ఆవిడ తెరవైపు ముఖం తిప్పి, అతని మోచెయ్యి గట్టిగా పట్టుకుంది.

"అది సరేగానీ, వాళ్ళమ్మ నిజంగానే బతికిందిట్రా?"

ఫెర్రుహ్ తెరవంక చూశాడు.

"బతికిందక్కా," అన్నాడు. "మంచం పక్కనే ఉంది. పిల్ల ఆవిణ్ణే చూస్తోంది."