రెండు చేతులకూ పని

డబ్బాల మూతలు కొట్టే ప్రెస్సు నా కుడిచేతి మూడు వేళ్లు తీసుకుంది. రేకు సర్దుతున్న చెయ్యి ఇంకా లోపలే ఉంది, రెండోది బటన్ నొక్కేసింది. ఎముక నలిగిన చప్పుడు నాకే వినిపించింది. వేళ్లు మూతకి అతుక్కుని బయటికొచ్చాయి.

"పరధ్యానం," అన్నాడు యజమాని. నేను కోలుకునేసరికి, వచ్చే సోమవారం నుంచి అదే ప్రెస్సు మీద మా చెల్లిని కూర్చోబెడతానన్నాడు. వద్దంటే అది వినదు. నేను మూలన పడ్డాక ఇల్లు దాని మీదే నడుస్తోంది.

డిజైన్ థింకింగ్ అందరికీ అని ఒక హాల్లో మూడు రోజులు ఉచితంగా పాఠాలు చెబితే వెళ్లాను. ఏ వస్తువైనా తయారుచేసేముందు దాన్ని వాడేవాళ్ల చోట నిలబడి చూడమన్నారు. ఆ చోట నిలబడే కదా వేళ్లు పోగొట్టుకున్నాను! అయినా నోరు మూసుకుని నేర్చుకున్నాను. పాత చిన్న ప్రెస్సు ఒకటి సంపాదించి, మూరెడు ఎడంగా రెండు బటన్లు బిగించాను. రెండూ ఒకేసారి నొక్కితేనే అచ్చు దిగుతుంది. అంటే చేతులు రెండూ బయట ఉండాల్సిందే.

శనివారం అదే హాల్లో చిన్న వ్యాపారుల పరిచయ సమావేశం. ప్రెస్సు బల్ల మీద పెట్టుకుని, ముఖానికి నవ్వు అతికించుకుని గంటసేపు నిలబడ్డాను. కరచాలనానికి వచ్చినవాళ్లు నా చెయ్యి చూసి, చాపిన చేత్తో జుట్టు సర్దుకున్నారు. కార్డు ఇవ్వబోతే ఫోన్ మోగినట్టు నటించి తప్పుకున్నారు. సిగ్గుతో చచ్చిపోయాను.

చివరికి యజమాని వచ్చాడు.

"సార్, సోమవారంలోపు మన ప్రెస్సుకి ఇది బిగిస్తాను. ఊరికే చేస్తాను."

"రెండు చేతులతో నొక్కుతూ కూర్చుంటే పని సగానికి పడిపోతుందమ్మా."

"మా చెల్లి చేతులు సార్."

"అది నీలా మొద్దు కాదులే," అని నవ్వి, పక్కాయనకి కార్డిచ్చాడు.

ఒళ్లు మండిపోయింది. తలతో వాడి ముక్కు మీద గుద్దాను. తూలినవాణ్ణి జుట్టు పట్టి బల్లకేసి కొడితే పన్నొకటి ఊడి నా కార్డుల మధ్య పడింది. అడ్డొచ్చిన పక్కాయన్ని మోచేత్తో పొడిచాను. యజమాని మణికట్టు ఎడమచేత్తో దొరకబుచ్చుకుని అచ్చు కిందకి తోశాను.

"ఇప్పుడు నిలబడి చూడు, నా చోట."

వాడు అమ్మా అని కేక పెట్టాడు. మొండి చేత్తో బటన్ గుద్దాను.

అచ్చు దిగలేదు. మళ్లీ గుద్దాను. పాత గాయం పగిలి రక్తం కారింది. దిగలేదు. రెండో బటన్ నొక్కాలంటే వాడి చెయ్యి వదలాలి. నేను చేసిందే, నాకే గుర్తు రాలేదు. అబద్ధమెందుకు, అది దిగాలనే కోరుకున్నాను.

నలుగురు నన్ను నేలకేసి అదిమారు. ఎవడో డొక్కలో తన్నాడు. ముక్కులోంచి రక్తం కారిపోతున్నా తుడుచుకోకుండా, యజమాని వేళ్లు ఒక్కొక్కటే మడిచి విప్పి చూసుకుంటున్నాడు. తర్వాత చాలాసేపు ఆ బటన్ల వైపు చూశాడు.

కేసు మాత్రం పెట్టాడు. సోమవారం నేను స్టేషన్‌లో బెంచీ మీద ఉండగా చెల్లి ఫోన్ చేసింది.

"నీ బటన్లు ఊడదీసుకొచ్చి మా ప్రెస్సుకి బిగించారక్కా, నిన్న సారే దగ్గరుండి చేయించాడంట. ఏం పెట్టావో ఏమో, ముక్కు దురద పెడితే గోక్కోడానికి కూడా చెయ్యి ఖాళీ లేదు."

నాకు ఏడుపు ఆగలేదు.

"ఓర్చుకోవే," అన్నాను.