చచ్చాక ఒక నవ్వు

చొక్కా లోపలి వైపు కాస్ట్యూమర్ జగ్గారావు నెత్తుటి రంగు నింపిన చిన్న సంచిని కుడుతుంటేనే తదాషికి అర్థమైపోయింది, ఈ సినిమాలో కూడా తను చచ్చిపోతున్నాడని.

యారాడ బీచి ఇసుకలో వేసిన మేకప్ టెంటు అది. అద్దం అంచున తదాషి భార్య ఫొటో, పక్కన చల్లారిపోయిన టీ. అసిస్టెంట్ డైరెక్టర్ శ్రీసత్య వచ్చి, కథ మారిందనీ, అతను వేస్తున్న ఓడ కెప్టెన్ చివర్లో బతకడనీ ఇంగ్లీషులో నసుగుతూ చెప్పింది. తదాషి ఎప్పటిలాగే తలవంచి సరేనన్నాడు. అనక ఏం చేస్తాడు పాపం! కుర్రతనం నుంచీ చేసిందదేగా. జపాను నుంచి ఏ దేశం వాళ్లు పిలిచినా వెళ్లాడు, విలన్ వెనకాల నిలబడ్డాడు, హీరో కాల్చగానే పడిపోయాడు. అడవుల్లో చచ్చాడు, మంచులో చచ్చాడు, ఒకసారైతే లిఫ్టులో చచ్చాడు. ఇప్పుడు మోకాళ్లు అరిగిపోయాయి. ఇదే ఆఖరి వేషం.

చావు గురించి కాదు అతని దిగులు. ఒసాకాలో మంచం పట్టిన ఫుమికో మొగుడి సినిమాలన్నీ సగంలోనే ఆపేస్తుంది. నిన్ను చంపుతుంటే చూడలేనంటుంది. ఈసారి బతుకుతాను, చివరిదాకా చూడు అని ఆమె చెయ్యి పట్టుకుని మాటిచ్చి వచ్చాడు. ఇప్పుడు ఏ మొహం పెట్టుకుని ఇంటికి వెళ్లాలి?

మిట్టమధ్యాహ్నం ఎండలో కాల్చారు. గుండె మీద సంచి పగిలింది. తదాషి మోకాళ్ల మీద కూలి, పక్కకి ఒరిగి, కళ్లు తెరిచే ప్రాణం వదిలాడు. రెప్ప మీద ఇసుక పడినా కదల్లేదు. డైరెక్టరు ఓకే అన్నాడు. అందరూ భోజనాలకి లేచారు.

"ఆగండెహె!" జగ్గారావు కెమెరాకి అడ్డంగా నిలబడ్డాడు. "సచ్చిపోయినట్టు తీసేసి, నవ్వించకుండా ఒగ్గీసి ఎల్లిపోతారేటి? పెద్దాయనకి కీడు కాదా? నాను ఒప్పుకోను."

చావు సీను చేసినవాళ్లని వెంటనే నవ్వించి ఒక షాట్ తీస్తారనీ, దాంతో దోషం పోతుందనీ శ్రీసత్య తదాషికి చెప్పింది. ఇన్ని దేశాల్లో చచ్చాడు గానీ, లేచి నవ్వమని ఒక్కరూ అడగలేదు.

"ఆ నెత్తురు సొక్కాతో కాదు బావా!" జగ్గారావు తన గళ్ల చొక్కా విప్పి అతనికి తొడిగాడు. తనే గుండీలు పెట్టాడు. బనీనుతో కెమెరా పక్కకి వెళ్లి, "నవ్వు బావా, మీ ఆవిడ సూత్తాది!" అని అరిచాడు.

శ్రీసత్య ఆ మాట ఇంగ్లీషులో చెప్పింది. తదాషి ముందు సిగ్గుపడ్డాడు. తర్వాత నవ్వాడు, కళ్లమ్మట నీళ్లు కారేదాకా నవ్వాడు. తొలిసారి కెమెరా అతని మొహం ఒక్కదాన్నే చూసింది. శ్రీసత్య దాన్ని తన ఫోన్లో కూడా తీసి అతనికిచ్చింది. అతను ఫుమికోకి పంపించాడు.

సాయంత్రం కారెక్కబోతుంటే జవాబు వచ్చింది. "చివరిదాకా చూశాను. ఆ చొక్కా నీకు బాగుంది."

తదాషి గుండీలు విప్పబోయాడు. జగ్గారావు ఆ చెయ్యి పట్టుకుని ఆపాడు.

"ఉంచీ బావా. నాకింకోటి ఉంది."

కారు ఘాట్ రోడ్డు ఎక్కి మలుపు తిరిగింది. సరుగుడు చెట్ల మధ్య కట్టిన తాడు మీద, ఉతికి ఆరేసిన కెప్టెన్ తెల్లచొక్కా, గుండె దగ్గర చిరుగుతో సముద్రపు గాలికి ఊగుతూ ఉంది.